దూకే ముందు పది నిమిషాలు: బెంగళూరులో పార్కోర్ డాక్యుమెంటరీ తీసే పద్ధతి

గోడలు, అడ్డంకులను పరుగుతో, గెంతులతో దాటే పార్కోర్ అనే విద్య చేసే కుర్రాళ్లను తీద్దామని వెళ్లి, మొదటి ఆదివారం నలభై నిమిషాల ఫుటేజి తీశాను. గోడలు, గెంతులు, పల్టీలు, అన్నీ స్లో మోషన్‌లోనే. మూడు నిమిషాలకు కోసి, దడదడలాడే మ్యూజిక్ ఒకటి వేసి, మదనపల్లె నుంచి వచ్చిన మా అమ్మకు చూపించాను. చివరిదాకా ఓపిగ్గా చూసి, "బాగానే దూకుతున్నాడు గానీ, ఎందుకు దూకుతున్నాడ్రా?" అంది. నా దగ్గర జవాబు లేదు. ఫుటేజిలోనూ లేదు.

దూకడం అర సెకను పని. దానికి ముందు ఆ కుర్రాడు గోడ అంచు మీద కాలు పెట్టి, తీసి, దిగి, దూకాల్సిన ఎడం కొలిచి, నీళ్లు తాగి, మళ్లీ ఎక్కే పది నిమిషాలుంటాయి. సినిమా అక్కడుంది. కింద చెప్పే మెట్లన్నీ ఆ పది నిమిషాలను పట్టుకోవడం కోసమే. ఖరీదైన కెమెరా లేకపోయినా ఫర్వాలేదు, తెల్లవారుజామున లేచే ఓపిక మాత్రం కావాలి.

1. ముందు విద్య ఏమిటో తెలుసుకోండి

పార్కోర్ పుట్టింది ఫ్రాన్సులో, పారిస్ శివార్లలోని లీస్ అనే ఊళ్లో. దాన్ని మలిచినవారిలో ముఖ్యుడు డేవిడ్ బెల్. అతని తండ్రి రేమండ్ బెల్ సైన్యంలో పెరిగి, పారిస్ అగ్నిమాపక దళంలో పనిచేసినవాడు. సైనికుల అడ్డంకుల శిక్షణకున్న ఫ్రెంచి పేరులోని 'పార్కూర్' అనే మాటే కొద్దిగా మారి ఈ విద్య పేరయింది. దీని వెనక జార్జ్ ఎబేర్ అనే నౌకాదళ అధికారి రూపొందించిన సహజ వ్యాయామ పద్ధతి ఉంది. అంటే ఇది పుట్టింది ప్రదర్శన కోసం కాదు, ఆపదలో తప్పించుకోవడానికో, ఎవరినైనా కాపాడడానికో.

పార్కోర్‌కు పల్టీలు, విన్యాసాలు కలిస్తే ఫ్రీ రన్నింగ్. ఆ మాట 2003లో బ్రిటన్ టీవీలో వచ్చిన 'జంప్ లండన్' డాక్యుమెంటరీతో జనంలోకి వెళ్లింది. అందులో కనిపించిన సెబాస్టియన్ ఫూకాన్ కూడా లీస్ కుర్రాడే. ఈ తేడా మీకు కెమెరా దగ్గర పనికొస్తుంది. పార్కోర్ చేసేవాడికి ఇక్కడి నుంచి అక్కడికి చేరడం ముఖ్యం, కాబట్టి బయల్దేరే చోటు, చేరే చోటు రెండూ ఫ్రేములో ఉండాలి. ఫ్రీ రన్నింగ్ చేసేవాడికి దారిలో వేసే పల్టీ కూడా ముఖ్యమే, కాబట్టి తల నుంచి కాలి వేలి దాకా ఒళ్లంతా ఫ్రేములో ఉండాలి. మోకాళ్ల దగ్గర కోసేశారంటే ఆ పల్టీ వృథా.

మాటలు కూడా నేర్చుకోండి. రెండు చేతులూ ఆనించి, మధ్య నుంచి కాళ్లు దూర్చి గోడ దాటితే కాంగ్. సన్నటి అంచు మీద రెండు పాదాలూ ఒకేసారి దించి నిలబడిపోతే ప్రెసిషన్. ఎదుటి గోడ అంచును చేతులతో పట్టుకుని, పాదాలు గోడకు ఆనించి వేలాడితే క్యాట్ లీప్. దూకిన ఊపును ఒక భుజం నుంచి ఎదుటి వైపు నడుము దాకా ఏటవాలుగా దొర్లి ఖర్చు చేస్తే రోల్. గోడల మధ్య ఒక వరసలో అల్లుకున్న దారి లైన్. "కాంగ్ టు ప్రెసిషన్ కొడతా అన్నా" అని వాడు అన్నప్పుడు, ఎక్కడ చేతులు ఆనుతాయో, ఎక్కడ కాళ్లు దిగుతాయో మీకు ముందే తెలిస్తే కెమెరా సరైన చోట ఉంటుంది. తెలియకపోతే వాడు దిగేశాక మీరు ఫోకస్ వెతుక్కుంటూ ఉంటారు.

2. మూడు వారాలు కెమెరా ఇంట్లో వదిలేసి వెళ్లండి

ఈ మెట్టు చెబితే అందరూ మొహం చిట్లిస్తారు. నేనూ చిట్లించినవాణ్ణే. కానీ కెమెరా కనబడితే కుర్రాళ్లు మారిపోతారు. మామూలుగా ఆరడుగులు దూకేవాడు ఏడడుగులకు సిద్ధమవుతాడు. ఆ ఏడో అడుగు మీ పాపమే.

నేను తీసిన గుంపులో ఎక్కువమంది మనవైపు వాళ్లే: హిందూపురం, అనంతపురం, చిత్తూరు. మారతహళ్లి, బొమ్మనహళ్లి పీజీల్లో ఉంటూ చదువుకునేవాళ్లు, కొత్తగా ఉద్యోగంలో చేరినవాళ్లు. తమలో తాము తెలుగు, కన్నడం, కాస్త హిందీ కలిపి మాట్లాడుకుంటారు. మొదటి వారం నన్ను "సార్" అన్నారు. నేను కూడా గడ్డిలో రోల్ నేర్చుకుంటూ భుజం కమిలించుకున్నాక "అన్నా" అయ్యాను. మీకు చేతకాకపోయినా రోల్ ఒక్కటి నేర్చుకోండి. భయం ఎక్కడ పుడుతుందో ఒంటికి తెలుస్తుంది, కెమెరా ఎక్కడ పెట్టాలో కూడా.

ఈ మూడు వారాల్లో చిన్న నోటు పుస్తకం పెట్టుకుని చూసింది రాయండి. ఎవరు ముందు దూకుతారు, ఎవరు చివరిదాకా కూర్చుంటారు, ఎవరు ఇంకొకరి బూటు లేసు చూసి "గట్టిగా కట్టు" అంటారు. బాగా దూకేవాణ్ణి హీరోగా పెట్టాలన్న ఆత్రం వద్దు. నాకు దొరికినవాడు గుంపులో మూడో స్థాయివాడు. ఒక జంప్ దగ్గర నాలుగు నెలలుగా ఆగిపోయి ఉన్నాడు. అంతకన్నా మంచి కథ ఎక్కడ దొరుకుతుంది?

3. నోటిమాట, కాగితం

కెమెరా తీసే ముందే అందరినీ కూర్చోబెట్టి మూడు సంగతులు తేల్చుకోండి. ఒకటి, వద్దంటే వద్దు, కారణం అడగకూడదు. రెండు, "ఇంకొక్కసారి" అనే మాట కెమెరా వైపు నుంచి రాకూడదు. దూకినవాడే "మళ్లీ చేస్తా" అనాలి. ఫోకస్ పోయిందా? మింగేయండి, అది మీ తప్పు. మూడు, ఎప్పుడూ చేయని జంప్‌ను మొదటిసారి కెమెరా కోసం చేయకూడదు. వాళ్లంతట వాళ్లు సిద్ధమై కబురు పెడితే మీరు వెళ్లి ఒక మూల నిలబడాలి. మేడల పైకప్పుల షాట్లు నేను అసలు పెట్టుకోలేదు. వాటికి వ్యూస్ వస్తాయని తెలుసు.

తరువాత కాగితం. ప్రతి ఒక్కరి దగ్గరా వాళ్లకు వచ్చిన భాషలో రాసిన ఒక పేజీ అంగీకారపత్రం తీసుకోండి: ఏం తీస్తారు, ఎక్కడ చూపిస్తారు, దెబ్బ తగిలిన షాటు వాడొచ్చా లేదా. పద్దెనిమిది నిండనివాళ్లుంటే తల్లిదండ్రుల సంతకం లేకుండా ఒక్క ఫ్రేము కూడా తీయకండి. సంతకం కన్నా ముందు వాళ్లింటికి వెళ్లి ఒక టీ తాగండి. "మావాడు కోతిలా ఎగురుతుంటే నువ్వు ఫొటోలు తీస్తావా?" అని ఒక తండ్రి నన్ను నిలదీశారు. ఆయనే తరువాత ఇంటర్వ్యూ ఇచ్చారు.

4. చోటు, అనుమతి, కాపలాదారు

కబ్బన్ పార్కు, లాల్‌బాగ్ రెండూ కర్ణాటక ఉద్యాన శాఖ కిందివి. అక్కడ కెమెరా షూటింగుకు ముందుగా అనుమతి కావాలి. టిప్పు వేసవి మహలు, పాత కోట కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉన్నాయి. వాటి గోడల మీద కాలు పెట్టే ఆలోచన కూడా వద్దు. మెట్రో స్టేషన్ల మెట్లు, రెయిలింగులు చూస్తే చెయ్యి దురద పుడుతుంది గానీ అవి మెట్రో సంస్థవి, అడగకుండా కుదరదు. విధానసౌధ చుట్టుపక్కల ట్రైపాడ్ తీయగానే పోలీసు వస్తాడు. మనకు మిగిలేవి లేఅవుట్ పార్కులు, కాలేజీ మైదానాలు, తెలిసినవాళ్ల అపార్ట్‌మెంట్లు, శిక్షణ జిమ్‌లు. వాటికి కూడా సంబంధించినవాళ్ల చేత ఒక లెటర్ రాయించుకుని ఫోనులో పెట్టుకోండి.

కాపలాదారుతో వాదించకండి. ఆయన "ఇల్లి మాడబేడి సార్" (ఇక్కడ చేయకండి) అంటే, "ఆయ్తు అణ్ణా, హోగ్తీవి" (సరే అన్నా, వెళ్తాం) అని కదలండి. మరుసటి రోజు కెమెరా లేకుండా వెళ్లి పలకరించండి. ఒక పార్కులో మమ్మల్ని రెండుసార్లు తరిమిన పెద్దాయన మూడోసారికి పిల్లల చెప్పులకు కాపలా కూర్చున్నాడు.

స్పాట్‌ను కళ్లతో కాదు, చేతులతో చూడాలి. రెయిలింగ్ పట్టుకుని ఊపండి. వెల్డింగ్ ఊడినవి చాలా ఉంటాయి. కాంపౌండు గోడల మీద గాజు పెంకులు పాతే అలవాటు మనకు ఉంది, కింద నుంచి చూస్తే కనబడవు. చలికాలం పొద్దున్నే గ్రానైటు మీద మంచు తడి, వానాకాలం సిమెంటు గోడకు నాచు, రెండూ సబ్బు రాసినట్టే జారతాయి. ఒక పాత టవలు సంచిలో పడేసుకోండి. ఇక పుస్తకాల్లో ఎవరూ రాయని అడ్డంకి ఒకటుంది: వీధికుక్కలు. మనిషి పరిగెత్తితే అవీ పరిగెత్తుతాయి, అందులోనూ తెల్లవారి అయిదున్నరకు. రోజూ వాటికి బిస్కెట్లు వేసే మనిషిని వెతికి స్నేహం చేసుకోండి.

డ్రోన్ గురించి ఒక్కమాట. దేవనహళ్లి విమానాశ్రయం, హెచ్‌ఏఎల్, యలహంక వైమానిక స్థావరం, జక్కూరు ఏరోడ్రోమ్ మధ్యలో ఉన్నాం. డ్రోన్లు ఎక్కడ ఎగరేయొచ్చో చూపే ప్రభుత్వ డిజిటల్ స్కై మ్యాపులో మీ చోటు ఏ రంగులో ఉందో చూడకుండా ఎగరేయకండి. 250 గ్రాముల లోపు డ్రోన్‌కు పైలట్ లైసెన్సు అక్కర్లేదు గానీ, ఎర్ర రంగు చోట్ల దానికీ మినహాయింపు లేదు. నా సినిమాలో డ్రోన్ షాటు ఒక్కటీ లేదు. పై నుంచి చూస్తే ఆరడుగుల గోడ కూడా నేలకు అతుక్కున్న గీతలా కనబడుతుంది, దూకినవాడి కష్టం ఏమీ తెలియదు.

5. సామాను, సెట్టింగులు

మంచి ఫోను సరిపోతుంది. కెమెరా ఉంటే 24, 50 మిల్లీమీటర్ల లెన్సులు రెండు చాలు. పగటి వెలుగును తగ్గించడానికి ఎన్‌డీ ఫిల్టరు, వెంటపడి తీసేటప్పుడు కెమెరా కుదుపు ఆపడానికి చిన్న గింబల్, విడిగా ఒక సౌండ్ రికార్డరు. ఇంతకన్నా మోసుకెళ్తే స్పాట్ మారేటప్పుడు కుర్రాళ్లు మీకోసం ఆగాల్సి వస్తుంది.

ఎడిటింగ్ టైమ్‌లైన్ సెకనుకు 25 ఫ్రేములు పెట్టుకోండి. మన కరెంటు 50 హెర్ట్జ్, దీపాలు సెకనుకు వందసార్లు మిణుకుతాయి. అందుకే సాయంత్రం వీధిదీపాల కింద షట్టరు 1/50 సెకను గానీ 1/100 గానీ ఉండాలి. 1/60 పెడితే బొమ్మ మీద చారలు పాకవచ్చు. పగలు మామూలు షాట్లకు 25 ఫ్రేములు, 1/50 షట్టరు. పల్టీ మరీ మసకబారితే 1/100కు వెళ్లండి, అంతకు మించితే కదలిక గుచ్చుకున్నట్టు ఉంటుంది.

స్లో మోషన్ లెక్క చేతిలో ఉంచుకోండి. రెండు మీటర్ల ఎత్తు నుంచి కిందికి పడడానికి పట్టేది 0.64 సెకను. నేలను తాకే వేళకు వేగం గంటకు 22 కిలోమీటర్ల పైమాటే. 25లో తీస్తే మీ చేతికి 16 ఫ్రేములు వస్తాయి, 100లో తీస్తే 64. అంటే తెర మీద రెండున్నర సెకన్లు. చాలు. ప్రతి దూకుడూ స్లో చేస్తే చూసేవాడికి మనిషి బరువు తెలియదు, దూది ఎగురుతున్నట్టుంటుంది. పది నిమిషాల సినిమాలో నేను రెండేచోట్ల వాడాను.

4కే ఫుటేజి సెకనుకు 100 మెగాబిట్ల వేగంతో రాస్తే గంటకు 45 జీబీ. మనం తీసేది ఎక్కువగా ఎదురుచూపే కాబట్టి కార్డులు త్వరగా నిండుతాయి. టిఫినుకు కూర్చునే లోపే రెండు చోట్ల కాపీ చేయండి. ఒకసారి బద్ధకించి తట్టె ఇడ్లీ ముందు తిన్నాను, కార్డు పాడైంది, ఒక ఆదివారం పోయింది.

6. కెమెరా ఎక్కడ పెట్టాలి

ఇదే అసలు విద్య. లెన్సు అబద్ధం ఆడుతుంది. వైడ్ లెన్సును గోడ మొదట్లో నేలకు ఆనించి పైకి చూపిస్తే ఆరడుగుల గోడ రెండంతస్తుల మేడ అవుతుంది. దూరాన్ని దగ్గర చేసే టెలి లెన్సుతో ఎదురుగా దూరం నుంచి తీస్తే తొమ్మిదడుగుల ఎడం మూడడుగులకు నలిగిపోతుంది. మొదటిది లేని గొప్ప ఇస్తుంది, రెండోది ఉన్న కష్టాన్ని దోచుకుంటుంది.

అందుకని ప్రతి ముఖ్యమైన జంప్‌కూ ఒక సాక్ష్యం షాటు తీయండి. ఎడానికి సరిగ్గా పక్క నుంచి, లంబంగా, కెమెరా గోడ అంచు ఎత్తులో, ఇరవై అడుగుల దూరంలో, 50 లెన్సుతో, ట్రైపాడ్ మీద. కదపకూడదు, కోయకూడదు. అడుగు తీసినప్పటి నుంచి దిగి నిలబడి ఊపిరి వదిలేదాకా ఒకే ముక్క. ఈ షాటు ఉంటే మిగతావి ఎంత విచిత్రంగా తీసినా ప్రేక్షకుడు మిమ్మల్ని నమ్ముతాడు.

ఆ తరువాత కొలత. వీళ్లు టేపుతో కొలవరు. పాదం ముందు పాదం ఆనించి, మడమ నుంచి బొటనవేలి దాకా లెక్కపెడుతూ నడుస్తారు. "ఎనిమిదిన్నర" అంటే వాడి బూటుతో ఎనిమిదిన్నర. నేల మీద ముందు అదే దూరం దూకి చూస్తారు, ఆ తరువాతే ఎత్తుకు వెళ్తారు. కెమెరా నేలకు దించి ఆ పాదాలను తీయండి. అంకె పైకి చెప్పించండి. ఒక్కసారి ఎనిమిదిన్నర అని విన్నాక, గోడ మీద వాడు నిలబడితే చూసేవాళ్లకు ఆ ఎడం కడుపులో తెలుస్తుంది.

మూడోది ముఖం, చేతులు. 50 లెన్సుతో పక్కగా, వాడి చూపుకు అడ్డం రాకుండా. దిగే చోటు వెనకాల మీరు నిలబడితే వాడి కన్ను అంచును వదిలి మీ మీదికి వస్తుంది. ప్రెసిషన్‌లో ఆ ఒక్క క్షణం చాలు కాలు జారడానికి. దిగే చోటుకు ముందూ వెనకా పదడుగుల్లో మనుషులు గానీ సంచులు గానీ ఉండకూడదు. అరచేతులు ప్యాంటుకు తుడుచుకోవడం, మడమ అంచు మీద రెండుసార్లు ఆడించడం, చుట్టూ ఎవరూ మాట్లాడకపోవడం, అవన్నీ తీయండి. కెమెరా ఆన్ చేశాక ఆపకండి. వాడు దూకకుండా దిగిపోయినా నడవనివ్వండి. మావాడు ఒక ఆదివారం పదకొండుసార్లు ఎక్కి పదకొండుసార్లు దిగి, "ఇవాళ వద్దులే అన్నా" అన్నాడు. ఆ సినిమాలో అందరికీ గుర్తున్న భాగం అదే.

వెంట పరిగెత్తే షాటు ఒకటి కావాలనుకుంటే దారంతా ముందు నడిచి, తరువాత నెమ్మదిగా పరిగెత్తి రిహార్సల్ చేయండి. వెనక్కి పరిగెత్తాలంటే ఒక మనిషి మీ బెల్టు పట్టుకుని నడిపించాలి. బెంగళూరు ఫుట్‌పాత్ మీద చెట్ల వేళ్లు, పైకి లేచిన రాళ్లు ఎలా ఉంటాయో తెలిసిందే. మా షూటింగ్ మొత్తంలో కుట్లు పడింది ఒక్కరికే. దూకినవాళ్లకు కాదు, నాకు.

7. చప్పుడు

మంచి దిగుడుకు చప్పుడుండదు. పాదం ముందు భాగం మీద దిగి, మోకాళ్లు మడిచి బరువు మింగేస్తారు. నేర్పేవాళ్లు చెవితోనే తప్పు పడతారు: ధబ్బుమంటే బాగాలేదని. కాబట్టి మ్యూజిక్‌తో కప్పేయకండి. రికార్డరును దిగే చోటుకు దగ్గరగా, గుడ్డ కింద, గాలి తగలకుండా పెట్టండి. అంచు మీద బూటు రాసుకునే శబ్దం, ఊపిరి, దూరంగా పాలబండి, ఆటో. కాలర్ మైకు పల్టీల్లో ఊడిపోతుంది, దాన్ని మాటలకే ఉంచండి.

8. పొద్దు

జూన్‌లో ఆరు లోపే తెల్లవారుతుంది, జనవరిలో ఆరూ నలభై దాటుతుంది. మొదటి అరగంట వార్మప్‌ను మీరు మామూలుగా తీసుకుంటూ ఉండండి, కుర్రాళ్లు కెమెరాను మరిచిపోతారు. పెద్ద జంపులు ఒళ్లు వేడెక్కాక, అలిసిపోక ముందు. తొమ్మిది దాటితే వెలుగూ పాడవుతుంది, వాకర్లూ పెరుగుతారు. ఆగస్టు నుంచి అక్టోబరు దాకా వాన ఎప్పుడైనా పడుతుంది. గోడ తడిస్తే ఆ రోజు ఇంటర్వ్యూలకే.

9. దెబ్బ తగిలితే

మణికట్టు, చీలమండ, మోకాలి చిప్ప. మామూలుగా పోయేవి ఇవి. క్రేప్ బ్యాండేజీ, ఐసు ప్యాకు, గాయం కడిగే నీళ్లు ఉండాలి. తలకు తగిలి, కాసేపైనా తెలివి తప్పినా, వాంతి వచ్చినా, మాట తడబడినా ఆ రోజు షూటింగ్ అక్కడితో ఆపి ఆస్పత్రికి. మెడ నొప్పి అంటే మనిషిని కదపకుండా 108కి ఫోన్ చేయండి. దగ్గరి ఆస్పత్రి ఎక్కడుందో స్పాట్ చూసిన రోజే రాసుకోండి. కెమెరా ట్రైపాడ్ మీద ఉంటే అది నడుస్తూనే ఉండనివ్వండి, చేతిలో ఉంటే కింద పెట్టి పరిగెత్తండి. వాడాలా వద్దా అన్నది తరువాత వాడే చెబుతాడు.

10. మాటలు, ఎడిటింగ్

"పార్కోర్ అంటే మీకేంటి?" అని అడిగితే ఇంటర్నెట్‌లో విన్న మాటలే తిరిగొస్తాయి. ఆ రోజు ఫుటేజిని వాడి ఫోనులోనే చూపిస్తూ అడగండి: "ఇక్కడ ఎందుకు దిగిపోయావు?" అప్పుడు వేలు తెర మీద పెట్టి, "చూడన్నా, ఎడమ కాలు ఇక్కడ తేలిపోయింది" అంటాడు. ఇంటర్వ్యూ మెస్‌లో భోజనం అయ్యాకో, స్కూటరు పక్కనో. కుర్చీ వేసి వెనక దీపం పెట్టారంటే సార్ అయిపోతారు మళ్లీ.

ఎడిటింగ్‌లో ఒక్కటే పట్టు పట్టండి. జంప్‌ను దూకేచోట కోయకండి. గాలిలో ఉండగా షాటు మారిస్తే, దిగింది వాడో కాదో ఎవరికి తెలుసు? దిగాక కోయండి. ఎదురుచూపు ఎంతసేపు ఉంచాలన్నది కష్టమైన సంగతి. నేను నాలుగు నిమిషాలు ఉంచాను, తెలిసినవాళ్లందరూ రెండు చాలన్నారు, మూడింటి దగ్గర ఆగాను. సబ్‌టైటిళ్లలో కుర్రాళ్ల భాష దిద్దకండి. తెలుగులో మొదలై కన్నడంలో ముగిసే వాక్యం అలాగే ఉండాలి.

ఆన్‌లైన్‌లో పెట్టే ముందు అందరినీ పిలిచి చూపించండి. మావాళ్లు పీజీ టెర్రస్ మీద దుప్పటి కట్టి చూశారు. సినిమా అయ్యాక ఆ కుర్రాడు నన్ను పక్కకు పిలిచి, చివరికి ఆ జంప్ దిగాక తాను ఏడ్చిన షాటు తీసేయమన్నాడు. ఆ ఇరవై సెకన్లు నేను తీసినవాటన్నిటిలోకీ మంచివి. తీసేశాను. హార్డ్ డిస్కులో ఉన్నాయి, వాడు అడిగితే ఇవ్వడానికి.